ఇరవై రెండు కమానుల దారి

పిల్లల కథల్లో ఒక వంతెన తరచుగా కనిపిస్తూ ఉంటుంది. ఈ ఒడ్డున నేటి మనిషి ఎక్కుతాడు. ఆ ఒడ్డున దిగేసరికి వందల ఏళ్ళు వెనక్కి వెళ్ళి ఉంటాడు. అక్కడివారి దుస్తులు వేరు, నాణేలు వేరు, పాలకులు వేరు. కథ చదివిన పిల్లలు పుస్తకం మూసి పెద్దవారిని ఒకటే అడుగుతారు: అలాంటి వంతెన నిజంగా ఉంటే మీరు ఎక్కడికి వెళ్తారు? వంతెన అనగానే మన ఇళ్ళలోని వృద్ధులకు పుల్‌సిరాత్ స్మరణకు వస్తుంది. కనుక కొందరు సంభాషణను పరలోకం వైపు తిప్పుతారు. అది సమంజసమే. అయితే పిల్లలు అడిగింది వెనకటి కాలం గురించి. ఆ ప్రశ్నకు కూడా ఒక సమాధానం బాకీ ఉన్నామని తోచి, ఈ నెల ఈ శీర్షికను దానికే కేటాయిస్తున్నాము.

ఇందుకోసం ఊహలో కొత్త వంతెన కట్టనక్కరలేదు. హైదరాబాదులో మూసీనది మీద పురానాపూల్ ఉన్నది. గోల్కొండ సుల్తాను ఇబ్రాహీం ఖులీ ఖుతుబ్‌షా దానిని 1578లో, అనగా హిజ్రీ 986లో కట్టించాడు. సుమారు 600 అడుగుల పొడవు, 35 అడుగుల వెడల్పు, 22 రాతి కమానులు. కట్టి ఇప్పటికి దాదాపు 450 ఏళ్ళు. ఈ ఏళ్ళను 22 కమానులకు పంచి చూడండి. కమానుకు ఇరవై ఏళ్ళు వస్తాయి. చివర పదేళ్ళ లోపు మిగిలితే దానిని అవతలి గట్టుకు వదిలివేద్దాము. ఒక కమాను దాటడానికి పది పదకొండు అడుగులు వేయాలి. అంటే మనం వేసే ఒక్కొక్క అడుగు దాదాపు రెండేళ్ళు. పాతబస్తీ వైపు నేటికీ నిలిచి ఉన్న పురానాపూల్ దర్వాజా దగ్గర వర్తమానంలో ఎక్కి, కార్వాన్ వైపు, గోల్కొండకు పోయే దారిన దిగితే, వంతెన పుట్టిన సంవత్సరంలో కాలు పెడతాము. లెక్కకు ఇంత చక్కగా అమరే వంతెన కథకులకు కూడా దొరకదు.

నిజంగా అక్కడికి వెళ్ళినవారికి మాత్రం మొదట కనిపించేది కూరగాయల గంపలు, బళ్ళు, బేరాలు. వాహనాలకు పక్కన వేరే వంతెన వచ్చిన తరువాత పాత వంతెన అంగడిగా మారింది. కింద పారేది అనంతగిరి కొండల్లో పుట్టిన నది అంటే పిల్లలు నమ్మరు. ఆ నీటి రంగూ వాసనా అలా ఉన్నాయి. మనం ఎక్కబోయే వంతెన ఇదే.

ఎక్కే ముందు రెండు సంగతులు తేల్చుకోవాలి. మొదటిది చేతి ఖర్చు. కాలం దాటి వెళ్ళిన మనిషికి ఎదురయ్యే మొట్టమొదటి చిక్కు నాణెం. ఈ సూక్ష్మం మన పిల్లలకు కొత్తది కాకూడదు. దివ్యఖుర్ఆన్‌లోని కహఫ్ సూరాలో గుహవాసుల వృత్తాంతం వారు ఇంట్లో విన్నదే. నిద్ర లేచిన ఆ యువకులు తాము ఒక రోజో, రోజులో కొంత భాగమో పడుకున్నామనుకున్నారు. తమలో ఒకరికి వెండి నాణెం ఇచ్చి, పరిశుభ్రమైన ఆహారం తెమ్మని, ఎవరికీ తెలియకుండా జాగ్రత్తగా మసలుకొమ్మని పట్టణానికి పంపారు. ఆ పాత నాణెం వల్లనే బజారులో వారి సంగతి బయటపడిందని వ్యాఖ్యాతలు వివరించారు. 300 సంవత్సరాలు, మరి తొమ్మిది అని ఆ సూరాలో వచ్చిన కాలాన్ని మన వంతెన మీద కొలిస్తే పదిహేను కమానులు దాటి పదహారో కమాను నడిమికి చేరుతుంది. అంటే నిజాముల రాజ్యం ఏర్పడక ముందు కన్ను మూసి ఈ ఉదయం తెరిచినట్లు. వట్టి అంకెగా చెబితే పిల్లల మనసుకు ఎక్కనిది, కమానులుగా చెబితే ఎక్కుతుంది. కావాలంటే ఇంట్లో నేల మీద సుద్దముక్కతో 22 గీతలు గీసి నడిపించి చూడండి.

రెండవది నియమం. మన నడకలో చూడవచ్చు, వినవచ్చు, అడగవచ్చు. జరిగిన దేనినీ మార్చరాదు. ఈ తరహా కథలన్నీ ‘ఒకవేళ’ అనే మాట మీద నిలిచి ఉంటాయి. ఒకవేళ ఆ రోజు ఆ దారిన పోకుండా ఉంటే, ఒకవేళ ఆ బస్సు ఎక్కకుండా ఉంటే, ఒకవేళ ఆ వైద్యుడి దగ్గరికి ముందే తీసుకొని వెళ్ళి ఉంటే. ఇంట్లో ఒక చావు జరిగిన తరువాత నలభై రోజులూ ఈ మాటే వినిపించడం మనందరికీ అనుభవం. ఆపద కలిగినప్పుడు ‘నేను ఇలా చేసి ఉంటే అలా అయ్యేది’ అని అనవద్దని, అల్లాహ్ నిర్ణయించినది జరిగిందని అనమని, ఆ ‘ఒకవేళ’ షైతాను పనికి తలుపు తెరుస్తుందని ప్రవక్త (స) హెచ్చరించినట్లు సహీహ్ ముస్లింలో హదీసు ఉన్నది. పోయినవారిని తలచుకోవడాన్ని ఆ హదీసు ఆపలేదు. పోయిన క్షణాన్ని మనసులో తిరిగి తిరిగి దిద్దుకునే అలవాటును ఆపింది. కనుక వంతెన ఎక్కుదాము గాని, దిద్దుబాటు కోసం ఎక్కవద్దు.

మొదటి కమాను మీద ఎవరికీ మార్గదర్శి అవసరం లేదు. అది మన చేతి ఫోనులోని ఫోటోల కాలం. రెండో కమాను మీద ఎస్‌టీడీ బూతులు, గల్ఫ్ నుంచి వచ్చే మనియార్డర్లు, డ్రాఫ్టులు, వాటితో పాటు క్యాసెట్లు. ఆ రోజుల్లో ఎడారి దేశాలకు కూలికి పోయినవారు ఉత్తరానికి బదులు మాటలను టేపు మీద నింపి పంపేవారు. ఇంటిల్లిపాదీ చాప పరచుకొని, టేప్‌రికార్డరు చుట్టూ కూర్చొని వినేవారు. ఆ క్యాసెట్ల మీద తరువాత పాటలు నింపుకున్న ఇళ్ళు ఎన్నో. ఒక తండ్రి కంఠస్వరం అలా చెరిగిపోయిందని అప్పుడు ఎవరికీ పట్టలేదు.

మూడో కమాను 1985 నుంచి 1965 వరకు. ఇక్కడ ఆగి, మీ ఇంటివారి పేర్లు వరుసగా చెప్పడానికి ప్రయత్నించండి. తండ్రి, తాత, ముత్తాత. మగవారి పేర్లు ఐదు తరాల వరకు చెప్పగలిగిన ఇళ్ళు మనలో ఉన్నాయి. షజరా అని ఒక కాగితం పెట్టెలో దాచుకున్నవారూ ఉన్నారు. ఇప్పుడు ఆడవారివి చెప్పండి. అమ్మ పేరు తెలుసు. నానీ పేరు చాలామందికి తెలుసు. నానీ తల్లి పేరు? దాదీ తల్లి పేరు? ఇక్కడ మాటలు ఆగిపోతాయి. ‘బడీ మా అనేవాళ్ళం’, ‘ఫలానా సాహెబు గారి ఇంటావిడ’, ‘కర్నూలు వాళ్ళమ్మాయి’. మనిషి జ్ఞాపకం ఉంటుంది, పేరు ఉండదు. తెలుగే ఇంటిభాషగా మాట్లాడే మన కుటుంబాలలోనూ ఇదే పరిస్థితి. అక్కడ ‘జేజి’ అనో ‘అవ్వ’ అనో అంటారు, అంతే భేదం. ఇరవై రెండు కమానుల వంతెన మీద మగవారి వైపు నుంచి ఐదు కమానులు నడిచే కుటుంబం, ఆడవారి వైపు నుంచి మూడు దాటలేకపోతున్నది. ఈ మాటను ఇక్కడ ఇలా ఉంచుదాము. తిరుగు దారిలో దీని దగ్గరికే రావలసి ఉన్నది.

నాలుగో కమాను మీద ఇంకో రకపు మౌనం. 1948 సెప్టెంబరులో హైదరాబాదు సంస్థానం భారత యూనియన్‌లో కలిసింది. అంతకు ముందు నెలలలో రజాకార్ల చేతిలో కడగండ్లు పడిన గ్రామాలు ఉన్నాయి. ఆ తరువాత వారాలలో సంస్థానపు జిల్లాలలో ప్రాణాలూ ఇళ్ళూ పోగొట్టుకున్న ముస్లిం కుటుంబాలూ ఉన్నాయి. ఉభయుల ఇళ్ళలోనూ ఆ సంవత్సరం పేరు ఎత్తితే పెద్దవారు మాట మార్చేవారు. వారిని తప్పుపట్టడానికి మనం ఎవరము? కానీ ఆ మౌనాన్ని మోసినవారు ఇప్పుడు ఒక్కొక్కరే వెళ్ళిపోతున్నారు.

ఐదో కమానును చప్పున దాటి ఆరోదాని మీద నిలబడదాము. ఇక్కడ కాళ్ళు ముందుకు పడవు. 1908 సెప్టెంబరు 28. హిజ్రీ 1326, రమజాను మాసం అప్పుడే మొదలైంది. మూసీ ఒక్కసారిగా ఉప్పొంగింది. సుమారు 15 వేల మంది మరణించారు. వేలాది ఇళ్ళు నేలమట్టమయ్యాయి. నదిపై ఉన్న తక్కిన వంతెనలు దెబ్బతిన్నాయి. వయసులో అన్నిటికంటే పెద్దదైన పురానాపూల్ మాత్రం నిలిచింది. అఫ్జల్‌గంజ్‌లో, నేటి ఉస్మానియా ఆసుపత్రి ఆవరణలో ఒక చింతచెట్టు ఉన్నది. దాని కొమ్మల మీదికి ఎక్కి దాదాపు 150 మంది బతికారు. ఆ చెట్టు ఇప్పటికీ ఉన్నది. ఆసుపత్రికి రోగులను చూడడానికి వెళ్ళేవారిలో ఎంతమంది దానిని తలెత్తి చూస్తారో!

ఆ వరదలో ఉర్దూ కవి అమ్జద్ హైదరాబాదీ తన తల్లిని, భార్యను, చిన్నారి కుమార్తెను పోగొట్టుకున్నారు. ముగ్గురూ ఆయన కళ్ళ ఎదుటే కొట్టుకొనిపోయారు. ఆయన ఒక్కరే మిగిలారు. ఆ తరువాత అర్ధశతాబ్దం పైగా జీవించారు. ఆ రాత్రిని ‘ఖయామతె సుగ్రా’ అనే పద్యంలో చెప్పుకున్నారు. రుబాయీలు రాసి దక్కనులోనే గాక ఉత్తరాదిన కూడా పేరు పొందారు. కాలం మీద వెనక్కి నడిపించే వంతెన కోసం ఎవరైనా తహతహలాడి ఉంటే అది ఆయనే అయి ఉండాలి. ఆ మనిషి ముందు నిలబడి ‘ఒకవేళ అనవద్దు’ అని హదీసు చదివి వినిపించే ధైర్యం మాకైతే లేదు. అది ఇతరులకు బోధించడానికి ఇచ్చిన మాట అని మేము అనుకోము. ఎవరికి వారు, తమ దుఃఖంలో తామే పట్టుకొని నిలబడవలసిన కొయ్య అది.

వరద తరువాత ప్రభుత్వం మోక్షగుండం విశ్వేశ్వరయ్యగారిని పిలిపించింది. పైఎత్తున జలాశయాలు కట్టి వరదను అక్కడే పట్టి ఉంచాలని ఆయన సూచించారు. ఉస్మాన్‌సాగర్ 1920లోనూ, హిమాయత్‌సాగర్ 1927లోనూ పూర్తయ్యాయి. మునిగిపోయినవారిని ఎవరూ వెనక్కి తేలేదు. మళ్ళీ మునగకుండా చూడడానికి మాత్రం లెక్కలు వేశారు. తరువాతి తరాలు నగరంలో తాగిన నీరు చాలావరకు ఆ లెక్కలలోంచి వచ్చినదే.

ఎనిమిదో కమాను మీద, 1874లో, హైదరాబాదుకు రైలు వచ్చింది. తొమ్మిదో కమాను మీద ఒక చిన్న విడ్డూరం ఉన్నది. 1857 జూలైలో తుర్రేబాజ్ ఖాన్, మౌల్వీ అలావుద్దీన్ నాయకత్వంలో జనం నదికి ఆవలనున్న బ్రిటిషు రెసిడెన్సీ మీద దాడి చేసినది ఈ కమాను కాలంలోనే. ఆ సంగతి పాఠ్యపుస్తకాలలో ఉన్నది. పుస్తకాలలో కనిపించనిది మరొకటి. ఐదవ నిజాము అఫ్జలుద్దౌలా కాలంలో అఫ్జల్‌గంజ్ దగ్గర మరో వంతెన కట్టారు. దానిని జనం నయాపూల్ అన్నారు. నయాపూల్ ఉన్నది గనుక మొదటిది పురానాపూల్ అయింది. తన పక్కన కొత్తది వచ్చేంతవరకు ఏదీ ‘పాత’ది కాదు. ఇంట్లో కోడలు అడుగుపెట్టిన మర్నాటి నుంచి అత్తగారిని ‘పెద్దావిడ’ అన్నట్లే ఇదీ. ‘ప్యారానా పూల్’, అనగా ప్రేమ వంతెన అనే పేరే వాడుకలో పురానాపూల్ అయిందని చెప్పేవారు కూడా ఉన్నారు. వినడానికి బాగుంటుంది. మేము మాత్రం నయాపూల్ లెక్కనే నమ్ముతాము.

పదకొండో కమాను మీద, 1820 ప్రాంతంలో, వరదకు దెబ్బతిన్న ఈ వంతెనను మూడవ నిజాము సికందర్‌జా బాగుచేయించాడు. ఆ పైన నాలుగు కమానులు గబగబా దాటవచ్చు. అవి నవాబుల యుద్ధాలు, సంధులు, ఫ్రెంచి, ఇంగ్లీషు పటాలాల కాలం. మన పూర్వీకులలో కొందరు ఆ పటాలాలలో సిపాయిలు, మరికొందరు ఆ సిపాయిలకు గుడ్డ నేసినవారు, దూది ఏకినవారు. పదహారో కమాను మీద 1724, ఆసఫ్‌జాహీ రాజ్యం ఆరంభం. పదిహేడో కమాను మీద 1687. ఎనిమిది నెలల ముట్టడి తరువాత గోల్కొండ ఔరంగజేబు చేతికి చిక్కింది.

ఆ ఎనిమిది నెలలు ఈ వంతెన మీద ఎవరు నడిచారో ఊహించడం మనసుకు కష్టంగా ఉంటుంది. ముట్టడించినవారూ నమాజు చేసేవారే, ముట్టడికి గురైనవారూ నమాజు చేసేవారే. రాజ్యాల కథలను ధర్మాల కథలుగా చదివే అలవాటు ఈ కమాను మీద నిలవదు.

పద్దెనిమిదో కమాను దగ్గర ఎదురుగా కార్వాన్‌లో తోలీ మసీదు కనిపిస్తుంది. దానిని 1671లో మూసాఖాన్ కట్టించాడు. వజ్రాల వర్తకులు దిగే పేట అది. పంతొమ్మిదో కమాను మీద ఫ్రాన్సు నుంచి వచ్చిన వజ్రాల వర్తకుడు తవెర్నియే మనకు ఎదురుపడతాడు. ఈ వంతెన పారిసులోని పాన్ నఫ్ వంతెనకు అందంలో పెద్దగా తీసిపోదని ఆయన తన యాత్రాగ్రంథంలో రాశాడు. పాన్ నఫ్ పని మొదలైనది కూడా 1578లోనే. ఆ పేరుకు అర్థం ‘కొత్త వంతెన’. ఇప్పుడు ఆ నగరంలో సెన్ నది మీద నిలిచి ఉన్న వంతెనలలో అదే అన్నిటికంటే పాతది. అక్కడివారు దానిని ఇప్పటికీ కొత్త వంతెన అనే పిలుస్తున్నారు. మనవారు తమదానిని పాతది అన్నారు. దాని మీద కూరగాయల అంగడి పెట్టుకున్నారు, అక్కడివారు దీపాలు పెట్టుకున్నారు.

ఇరవై రెండో కమాను. చార్మినార్ రాళ్ళు అప్పుడే పేరుస్తున్నారు, 1591. మనం ఎక్కిన దర్వాజా ఇంకా లేదు, దాని చుట్టూ ఉన్న పాతబస్తీ ఇంకా పాతది కాలేదు. ఇక్కడే ఆ ప్రసిద్ధమైన కథ. యువరాజు ముహమ్మద్ ఖులీ, అవతలి ఒడ్డున ఉన్న భాగమతిని చూడడానికి పొంగిన మూసీలో గుర్రాన్ని దూకించాడనీ, కొడుకు ప్రాణానికి బెదిరిన తండ్రి వంతెన కట్టించాడనీ. సినిమాలకు, పర్యాటకులకు ఇది చాలును. యువరాజు పుట్టినది 1565 ప్రాంతంలో. వంతెన పూర్తయ్యేనాటికి అతనికి పదమూడేళ్ళు. ఆ వయసు పిల్లవాడు గుర్రాన్ని ఏటిలో దూకించడం అసంభవం కాదు గాని, ఒక సుల్తాను అందుకోసం 22 కమానులు కట్టించాడనడం కష్టం. గోల్కొండ కోటలో నీటికీ చోటుకూ ఇరుకు. జనం నది దాటి విస్తరించవలసి వచ్చింది. బళ్ళు దాటాలి, సరుకు దాటాలి. చాలా వంతెనల వెనుక ఉండే కారణం ఇదే. అది ప్రేమకథ అంత బాగుండదు.

ఇక గట్టు. ఇక్కడ ఇబ్రాహీం ఖులీ ఉన్నాడు. ఈయనను పలకరించాలంటే తెలుగులో పలకరించవచ్చు. సింహాసనానికి రాకముందు, అన్నగారికి భయపడి పారిపోయి, విజయనగరంలో అళియ రామరాయల దగ్గర ఏడేళ్ళు ఆశ్రయం పొందాడు. తెలుగు విన్నాడు, తెలుగు కవులను ఆదరించాడు. అద్దంకి గంగాధర కవి తన ‘తపతీ సంవరణోపాఖ్యానము’ను ఈయనకే అంకితమిచ్చాడు. కవులు ఈయనను ‘మల్కిభరాముడు’ అని తమ నోటికి తగినట్లు మార్చి పిలుచుకున్నారు. ఈయన అధికారి, పటాన్‌చెరువు పాలకుడు అమీన్‌ఖాన్‌కు పొన్నెగంటి తెలగనార్యుడు అచ్చతెలుగు కావ్యమైన ‘యయాతి చరిత్రము’ను అంకితం చేశాడు. తెలుగు మనకు ఇరుగుపొరుగు నుంచి అరువు తెచ్చుకున్న భాష అని అనేవారు ఎవరైనా తారసపడితే, ఈ గట్టు దాకా వారిని చేయి పట్టుకొని నడిపించుకొని రావచ్చు.

అయితే ఇదే ఇబ్రాహీం, తనకు ఏడేళ్ళు అన్నం పెట్టిన రామరాయల మీదికి 1565లో తక్కిన సుల్తానులతో కలిసి యుద్ధానికి వెళ్ళాడు. రామరాయలు ఆ యుద్ధంలో మరణించాడు. వంతెన కట్టేనాటికి అది జరిగి పదమూడేళ్ళు. మన నియమంలో అడగడానికి అనుమతి ఉన్నది గనుక, మేమైతే గట్టు మీద ఆయనను వంతెన గురించి అడగము. ఆ రోజు మీకు విజయనగరం ఇంటి అన్నం గుర్తుకు వచ్చిందా అని అడుగుతాము. ఆయన రెండేళ్ళలో, 1580లో, కన్నుమూశాడు. సమాధానం ఎక్కడా రాసి పెట్టలేదు.

ఇప్పుడు తిరుగు దారి.

దేనినీ మార్చరాదు అన్నాము. ఈ నియమానికి మన ధర్మమే ఒక మినహాయింపు ఉంచింది. అది బాకీ. జనాజా వచ్చినప్పుడు ప్రవక్త (స) మృతునికి అప్పు ఉన్నదా అని అడిగేవారు. ఒకసారి మూడు దీనారుల అప్పు ఉన్నదని, తీర్చడానికి ఏమీ వదలలేదని తెలిసి, మీ సహచరునికి మీరే నమాజు చేయండి అన్నారు. అప్పుడు అబూ ఖతాదా (రజి) ఆ అప్పు నాది అని ఒప్పుకున్నారు. ఆ తరువాతే ప్రవక్త (స) నమాజు చేయించారు. చనిపోయిన మనిషి చేసిన అప్పును బతికి ఉన్న మనిషి తీర్చాడు. కథల్లోని వంతెన ఎంత అద్భుతమైనదైనా ఇంతకంటే ఎక్కువ ఏమి చేయగలదు?

ఇప్పుడు మూడో కమాను దగ్గర ఉంచి వచ్చిన మాట. షజరా కాగితాలలో కుమారుల పేర్లు కొమ్మలు కొమ్మలుగా ఉంటాయి. కుమార్తెలు లేరు. ‘లా వలద్’ అని సంతానం లేని మగవాడి పేరు సైతం రాసి ఉంటుంది గాని, ఏడుగురు బిడ్డల తల్లి అయిన అతని అక్క పేరు ఉండదు. ఇది మరపు మాత్రమే అయితే మేము ఇంత రాయనవసరం లేదు. తల్లిదండ్రులు, దగ్గరి బంధువులు వదిలిన దానిలో, అది కొంచెమైనా ఎక్కువైనా, పురుషులకు భాగం ఉన్నట్లే స్త్రీలకూ భాగం ఉన్నదని నిసా సూరా స్పష్టంగా చెప్పింది. వాటా ఇచ్చిన ఇంట్లో పంపకం కాగితం మీద ఆమె పేరు ఉండి తీరుతుంది. చాలా ఇళ్ళలో ఏమి జరిగిందో మనకు తెలియనిది కాదు. ‘పెళ్ళికి పెట్టాము కదా’ అన్నారు. ‘చెల్లెలు మాఫ్ చేసింది’ అన్నారు. పుట్టింటి గడప పోగొట్టుకోవడం ఇష్టం లేక ఆమె ‘సరే’ అన్నది. ఆమె పేరు ముందు కాగితం నుంచి పోయింది, ఆ తరువాత నోటి నుంచి పోయింది. మహర్ సంగతీ ఇంతే. భర్త జనాజా లేవబోయే ముందు, నలుగురూ చుట్టూ నిలబడి ‘మాఫ్ చేయమ్మా’ అని అడిగితే, ఏ భార్య కాదనగలదు? ఆ మాఫీని మాఫీ అనడానికి మా మనసు ఒప్పదు.

అరవై ఏళ్ళ క్రితం వాటా అందని ఒక అత్తయ్య ఇప్పుడు లేరు. ఆమె వారసులు పాతికమంది అయి ఉంటారు. పంచితే తలా కొద్ది వేలు వస్తాయేమో. అంత చిన్న మొత్తానికి ఇంత శ్రమా అని అడిగేవారు ఉంటారు. ‘కొంచెమైనా ఎక్కువైనా’ అన్న మాట సూరాలోనే ఉన్నది. ఎవరికి ఎంత అనే లెక్క మీ ఊరి ఆలిముగారూ, తెలిసిన న్యాయవాదీ వేసి పెడతారు. అయితే వారిద్దరూ అడిగే మొదటి ప్రశ్న: ఆమె పేరేమిటి? రెండవది: ఎవరికి ఇచ్చి చేశారు?

ఈ రెండింటికీ సమాధానాలు కొంత కాగితాలలో దొరుకుతాయి. ఖాజీగారి సియాహా పుస్తకంలో వధువు పేరు, ఆమె తండ్రి పేరు, మహర్ మొత్తం రాసి ఉంటాయి. పాత నికాహ్‌నామా నకలు ఇంట్లో లేకపోయినా అక్కడ అడగవచ్చు. భూమి కాగితాలలో విరాసతు జరిగిన సంవత్సరం చూడవచ్చు. ఖబ్రస్తానులో పలకలు చూడవచ్చు గాని, ఆడవారి సమాధులకు పలకలు తక్కువ. మిగిలినదంతా ఇంట్లో ఒక మూల మంచం మీద కూర్చొని ఉన్న పెద్దావిడ దగ్గర ఉన్నది.

ఆమెను ‘పాత సంగతులు చెప్పు నానీ’ అని అడిగితే ‘ఏమున్నాయిరా నాయనా’ అంటారు. అలా అడగవద్దు. మీ అమ్మను పుట్టింట్లో ఏమని పిలిచేవారు అని అడగండి. మీ అత్తగారికి ఎందరు చెల్లెళ్ళు, వారిలో ఎవరు ఏ ఊరికి కాపురానికి వెళ్ళారు, ఈదుకు ఎవరి ఇంటి నుంచి సేమియా వచ్చేది, ఏ సంవత్సరం నుంచి రావడం మానింది అని అడగండి. జుహర్ నమాజు అయి, పాన్‌దాన్ దగ్గర పెట్టుకొని ఆమె కాస్త నడుము వాల్చే వేళ మంచిది. పక్కన కాగితం ఉంచుకోండి. పేరు చెప్పగానే రాయండి, ఊరూ వీధీ కూడా. ఆమె ఒక పేరు చెప్పి ఆగి, ‘దానికి ఏమీ ఇవ్వలేదురా’ అని అంటే, అది కూడా అదే వరుసలో రాసి ఉంచండి.